ఆధునిక నృత్యము, ఆధునికోత్తర నృత్యము: ఆశ్రయవిచారము

పాశ్చాత్యుల కళాచరిత్రమున పేర్లు తరచుగా కాలక్రమమును బట్టి ఏర్పడినవి. ఒక తరము తన్ను ‘ఆధునిక’మని పిలుచుకొన్నచో, తరువాతి తరము ‘ఆధునికోత్తర’మగుచున్నది. మన లాక్షణికుల పద్ధతి వేరు. ఒక కళారూపమునకు పేరు పెట్టునపుడు అది దేనిని ఆశ్రయించి నిలిచినదని వారు విచారించిరి. ధనంజయుడు దశరూపకమున నృత్యమును భావాశ్రయమనియు, నృత్తమును తాళలయాశ్రయమనియు వేరుపరచెను. ఈ విభాగమున ముందువెనుకల ప్రసక్తి లేదు, స్వభావనిర్ణయమే కలదు. గత శతాబ్దమున అమెరికాలోను, జర్మనీలోను వెలసిన నూతన నృత్యములకు ఈ ఆశ్రయప్రశ్నను అన్వయించి చూచుటయే ఈ వ్యాసమున మా ఉద్దేశ్యము.

ఇట్టి విచారణ ఇప్పుడు అవసరమగుటకు కారణము కలదు. ‘ఆధునికోత్తర’ శబ్దము మనకు ప్రధానముగా సాహిత్యవిమర్శ ద్వారమున వచ్చినది. మహాకథనములయందు అవిశ్వాసము, పూర్వరచనలను ఉటంకించు నేర్పు, వ్యంగ్యము, ఉన్నతకళకును జనసామాన్యకళకును గల హద్దును చెరుపుట మొదలగు లక్షణములు ఆ శబ్దము వినగనే పరిశోధక విద్యార్థికి స్ఫురించును. ఆ లక్షణములనే చేతబట్టుకొని అతడు 1960 ప్రాంతపు న్యూయార్కు నృత్యములను పరిశీలించినచో, ముఖ్యకృతులు పెక్కింటియందు అవి ప్రధానముగా కానరావు. అప్పుడతడు లేని లక్షణములను ఉన్నట్లు వ్రాయును. లేదా ఆ కృతులనే అసమగ్రములని త్రోసివేయును. రెండును విమర్శకు హానికరములే.

మొదట ఆధునిక నృత్యమును చూతము. 19వ శతాబ్ది చివర ఐరోపా రంగస్థలమున గౌరవము పొందిన నృత్యము బాలే. అందు దేహము భూమిని విడిచి పైకి లేవ యత్నించును. పాదముల స్థానములు ఐదును ముందే నిర్ణీతములు. ఈ పద్ధతికి వెలుపల నిలిచి క్రొత్త మార్గమును త్రొక్కినవారిలో మొదటివారు అమెరికాలో జన్మించిన స్త్రీలు. లోయీ ఫుల్లర్ 1892లో పారిస్ నగరమున విశాలమైన పట్టువస్త్రములను త్రిప్పుచు, వానిపై విద్యుద్దీపముల రంగులు ప్రసరింపగా ఆడెను. ఇసడోరా డంకన్ (1877–1927) నడుమును బిగించు కార్సెట్టును, బాలే పాదరక్షలను విడిచి, వట్టికాళ్లతో రంగమున నిలిచెను. చలనము వక్షోమధ్యమునుండి పుట్టవలెనని ఆమె మతము. అమెరికాలో స్త్రీలకు దేశమంతట ఓటుహక్కు రాజ్యాంగసిద్ధమైనది 1920లో. అంతకు పూర్వమే ఈ స్త్రీలు తమ దేహముపై తమకే అధికారమని రంగస్థలమున ప్రకటించిరి.

ఈ చరిత్రయందు మన దేశమునకును ఒక స్థానము కలదు. రూత్ సెయింట్ డెనిస్ 1906లో న్యూయార్కున ‘రాధ’ అను నృత్యమును ప్రదర్శించెను. దాని సంగీతము ఫ్రెంచి వాగ్గేయకారుడు దెలీబ్ రచించిన ‘లాక్మే’ నాటకములోనిది. ఆమె అప్పటికి భారతదేశమును చూడలేదు. ఇచ్చట 1890 తరువాత మద్రాసు రాజధానిలో భోగముమేళముల నిషేధోద్యమము సాగుచుండెను. వీరేశలింగము పంతులుగారి వంటి సంస్కర్తలు దానిని బలపరచిరి. దేవాలయనర్తకి తన నేలపై గౌరవము కోల్పోవుచున్న కాలముననే ఆమె ఊహాచిత్రము అమెరికా రంగమున పవిత్రమై వెలసెను. అందువలన ఆధునిక నృత్యము కేవలము స్వాతంత్ర్యగాథ కాదు. ఎవరి దేహము ఎవరికి ప్రతీకగా పనికివచ్చెనను ప్రశ్న దాని పుట్టుకనుండియే కలదు.

డెనిస్, టెడ్ షాన్ దంపతులు 1915లో నెలకొల్పిన పాఠశాలనుండియే మార్తా గ్రాహం (1894–1991), డోరిస్ హంఫ్రీ (1895–1958) బయలువెడలిరి. గురువుల పరదేశవేషములను వీరు విడిచిరి. గ్రాహం శ్వాసను మూలముగా గొని, మొండెము ముడుచుకొనుట, విచ్చుకొనుట అను రెండింటిపై తన శిక్షణను నిర్మించెను. హంఫ్రీ పడుటకును, తేరుకొనుటకును నడుమగల స్థితియే నృత్యమనెను. 1930 నాటి గ్రాహం ‘లామెంటేషన్’ అను నృత్యమున నర్తకి బల్లపై కూర్చుండి, సాగెడు గుడ్డ గొట్టములో చిక్కుకొని వంగును, మెలికలు తిరుగును. ఎవరి మృతికై ఆ శోకమో తెలియదు, విభావము చెప్పబడలేదు. అనుభావమొక్కటే నిలిచి శోకమును సూచించును. న్యూయార్కు టైమ్సు పత్రిక విమర్శకుడు జాన్ మార్టిన్ 1933లో వెలువరించిన ‘ది మోడర్న్ డాన్స్’ గ్రంథమున ఈ కళకు సిద్ధాంతము కల్పించెను: నర్తకుని అంతర్గతానుభవము చలనమగును, ఆ చలనము ప్రేక్షకుని కండరములయందు ప్రతిధ్వనించి తిరిగి అనుభవమగును. మన పరిభాషలో ఇది భావాశ్రయము. కాని ఇచ్చటి భావము శాస్త్రసమ్మతమైన సాధారణీకృత స్థాయి కాదు. వ్యక్తి అంతరంగమున పుట్టి, ఆ వ్యక్తియే కనుగొన్న చలనమున వెలువడు భావము.

అంతరంగమే ప్రమాణమన్నచో, ఆ అంతరంగము ఏ పక్షమున నిలుచునని అడుగవలసియున్నది. 1936లో బెర్లిన్ ఒలింపిక్ క్రీడల సందర్భమున నృత్యోత్సవమునకు ఆహ్వానము రాగా గ్రాహం నిరాకరించెను. ఆ యేడే యుద్ధమును, ఫాసిజమును నిరసించు ‘క్రానికల్’ను రచించెను. జర్మనీలో ఇదే భావాశ్రయమును సాధించిన మేరీ విగ్మన్ (1886–1973) ఆ క్రీడల ప్రారంభోత్సవ ప్రదర్శనమునకు నృత్యము కూర్చెను. ఒకే ఆశ్రయము రెండు విరుద్ధ ప్రయోజనములకు లొంగినది. భావము నిష్కపటమైనంత మాత్రమున కళ నిర్దోషము కాదని ఈ ఉదాహరణము చెప్పుచున్నది.

ఇట్టి భావాశ్రయమునుండి విడివడినవాడు గ్రాహం బృందమున 1939 నుండి 1945 వరకు ఆడిన మర్స్ కన్నింగ్‌హామ్ (1919–2009). ఈ విడిపోవుట జరిగిన కృతి రససిద్ధాంతముతో ముడిపడియుండుట మనకు విశేషముగా గమనార్హము. ఆతని సహచరుడగు వాగ్గేయకారుడు జాన్ కేజ్ 1946లో న్యూయార్కు వచ్చిన గీతా సారాభాయి వలన భారతీయ సంగీతమును, ఆనంద కుమారస్వామి రచనల వలన రసవిచారమును తెలిసికొనెను. 1951లో కన్నింగ్‌హామ్ కూర్చిన ‘సిక్స్‌టీన్ డాన్సెస్’ నవరసములను ఆధారము చేసికొన్నది. వెలుగు, చీకటి ఛాయలు గల భావములు ఒకదాని వెంట నొకటి రావలెనని నియమము. అయితే శోకము ముందా, భయము ముందా అను నిర్ణయమునకు కారణము కానరాక, నాణెమును ఎగురవేసి క్రమమును నిశ్చయించిరి. శాంతము మాత్రము చివర నిలిచినది.

ఈ చిన్న క్రియయందు పెద్ద మార్పు దాగియున్నది. మన సిద్ధాంతమున రసము విభావానుభావవ్యభిచారుల సంయోగమువలన నిష్పన్నమగును. అందు కారణకార్యసంబంధము కలదు. గ్రాహం నృత్యమునను ఒక చలనమునుండి మరియొకటి భావవశమున పుట్టును. నాణెము ఆ సంబంధమును త్రెంచినది. భావములు మిగిలినవి, వాని నడుమనున్న ‘కావున’ పోయినది. తరువాతి కృతులలో భావములును తొలగి, చలనమొక్కటే మిగిలెను. అట్లని దీనిని మన నృత్తముతో సమానము చేయరాదు. నృత్తము తాళలయలకు కట్టుబడినది. కన్నింగ్‌హామ్ నృత్యము సంగీతముతో కాలపరిమాణమును మాత్రమే పంచుకొన్నది. పెక్కు తడవలు నర్తకులు తొలి ప్రదర్శనమునాడే ఆ సంగీతమును వినెడివారు. ఇది భావాశ్రయము కాదు, తాళలయాశ్రయమును కాదు. దీనిని చలనమాత్రాశ్రయమని పిలువవచ్చునని మా అభిప్రాయము.

కన్నింగ్‌హామ్ శాలయందే 1960లో రాబర్ట్ డన్ నృత్యరచనాపాఠములను ప్రారంభించెను. అచ్చట చదివినవారు 1962 జూలై 6వ తేదీన న్యూయార్కులోని జడ్సన్ స్మారక చర్చిలో తమ తొలి ప్రదర్శన మిచ్చిరి. ఆధునికోత్తర నృత్యమునకు ఆరంభముగా చరిత్రకారులు చెప్పునది ఇదియే. వీరిలో స్టీవ్ పాక్స్‌టన్ 1967లో కూర్చిన ‘సాటిస్ఫైయిన్ లవర్’ అను కృతియందు పలువురు నడతురు, నిలుతురు, కూర్చుందురు, అంతకుమించి లేదు. దీనిని లోకధర్మి అనవచ్చునా? అనరాదు. లోకధర్మియును అభినయమే; నటుడు లోకమున నడచువానిని అనుకరించును. పాక్స్‌టన్ కృతియందు నడచువాడు ఎవరిని అనుకరింపడు, నడచును. ఇవోన్ రైనర్ 1966లో కూర్చిన ‘ట్రయో ఎ’ సుమారు నాలుగున్నర నిమిషముల నృత్యము. అందు ఊనిక లేదు, విరామము లేదు, పరాకాష్ఠ లేదు. నర్తకి ప్రేక్షకుల కంట చూపు కలుపదు. చలనము చేయవలసిన పని వలె జరిగిపోవును. ఇది క్రియాశ్రయము.

ఇప్పుడు పేరు విషయమునకు వత్తము. ఈ తరమువారు ఆధునిక నృత్యమునకు తరువాత వచ్చినవారు గనుక ‘ఆధునికోత్తరు’లైరి. శాలీ బేన్స్ 1980లో వెలువరించిన ‘టెర్ప్‌సికోర్ ఇన్ స్నీకర్స్’ అను గ్రంథమువలన ఆ పేరు స్థిరపడినది. అలంకారమును విడిచి తన మాధ్యమమునే పరీక్షించుకొను గుణము చిత్రకళయందు ఆధునికతకు లక్షణమని, నృత్యమున దానినే ఆధునికోత్తరమనుచున్నామని ఆమెయే గుర్తించెను. సూసన్ మానింగ్ 1988లో ఈ విభాగమునే ప్రశ్నించెను. ఈ చర్చ వలన తేలునది: నృత్యమున ‘ఆధునికోత్తర’ శబ్దము కాలమును చెప్పును, ఆశ్రయమును చెప్పదు. సాహిత్యమునందలి అర్థమును దానికి అంటగట్టుట శబ్దసామ్యమువలన కలిగిన భ్రాంతి.

అయినను క్రియాశ్రయమును ప్రశంసించి ఊరకుండుట విమర్శకుని ధర్మము కాదు. నడక కేవలము నడకగా కనబడవలెనన్నచో, నడచు దేహము గుర్తులు లేనిదై యుండవలెను. అమెరికాలో అట్టి దేహము అందరికిని లేదు. ఆల్విన్ ఐలీ ‘రెవలేషన్స్’ను 1960లో, అదే న్యూయార్కున ప్రదర్శించెను; నల్లజాతివారి భక్తిగీతములు, టెక్సాసులోని బాల్యస్మృతులు దాని మూలములు. జడ్సన్ నర్తకులు భావమును విడుచుచున్న దినములలో ఐలీ భావమును గ్రహించుట వెనుకబాటు కాదు. నల్లని దేహమును ప్రేక్షకుడు ముందే అర్థములతో నింపియుంచెను. ఆ అర్థములను తనవిగా తిరిగి పలుకుటయే ఐలీకి నవ్యత. కాలక్రమము ననుసరించు చరిత్ర ఇతనిని ఆధునికుల పట్టికలో చేర్చి ముందునకు సాగిపోవును. ఆశ్రయమును అడుగు చరిత్ర ఇద్దరిని ఒకే పుటలో నిలిపి చూడగలదు.

క్రియాశ్రయమునకు గల పరిమితిని రైనర్ కృతియే నిరూపించినది. జాతీయపతాకమును అవమానించిరని కళాకారులపై జరిగిన చర్యలకు నిరసనగా 1970లో జడ్సన్ చర్చిలో జరిగిన ప్రదర్శనమున, నర్తకులు నగ్నదేహములపై అమెరికా పతాకమును మెడకు కట్టుకొని ‘ట్రయో ఎ’ను ఆడిరి. చలనములు మారలేదు. అర్థము పూర్తిగా మారినది. చలనమునకు అర్థము లోపలినుండియే రానక్కరలేదు. చుట్టునున్న కాలమునుండియు వచ్చును.

1980 తరువాత కథ, భావము, మాట తిరిగి రంగమెక్కినవి. బిల్ టి. జోన్స్ 1994 నాటి ‘స్టిల్/హియర్’ను ప్రాణాంతక వ్యాధులు గలవారితో జరిపిన శిబిరములనుండి నిర్మించెను. ఆ యేటి చివర విమర్శకురాలు ఆర్లీన్ క్రోచీ ఆ ప్రదర్శనమును తాను చూడనని చెప్పి, చూడకయే దానిపై వ్రాసెను. గొప్ప వివాదము చెలరేగెను. జోన్సును ఆధునికోత్తరుడనియే పిలుచుచున్నారు. ‘ట్రయో ఎ’కును, ‘స్టిల్/హియర్’కును ఒకే పేరు సరిపోవుచున్నదన్నచో, ఆ పేరు విమర్శకు చేయు ఉపకారము స్వల్పమే.

ఇది మన నృత్యములను పరిశీలించువారికిని వర్తించును. చంద్రలేఖ 1985లో కూర్చిన ‘అంగిక’ను ఆధునికోత్తరమని ఒక్కమాటలో చెప్పినచో, దాని ఆధారములైన భరతనాట్యపు అడవులు, యోగాసనములు, కలరిపయట్టు మరుగున పడును. కూచిపూడియందు నేడు జరుగు నూతనప్రయోగములకును ఇట్టి పేర్లను తొందరపడి తగిలింపరాదు. పరిశోధకుడు ప్రతి కృతిని మూడు ప్రశ్నలు అడుగవలెను: ఇచ్చట చలనము దేనిని ఆశ్రయించినది? ఆ ఆశ్రయము ఎవరి దేహమునకు సులభము, ఎవరికి దుర్లభము? రంగమునకు వెలుపలనున్న కాలము దాని అర్థమును ఎట్లు మార్చినది? వీనికి సమాధానము దొరకిన పిమ్మట పేరు పెట్టినను దోషము లేదు. దొరకకమునుపే పెట్టిన పేరు ప్రశ్నను అడుగనీయదు.