బోయి భీమన్నగారి కవితామార్గము

పశ్చిమమున వసిష్ఠగోదావరియు, తూర్పున వైనతేయమును, దక్షిణమున సముద్రమును ఎల్లలుగా గల రాజోలు సీమలో, అంతర్వేది పోవు త్రోవలో నున్న మలికిపురమువారికి వసిష్ఠనామము నిత్యవ్యవహారము. ఆ మహాముని గోదావరినుండి ఈ పాయను గొనివచ్చి సాగరమున గలిపెనని ఇచట పసివారును చెప్పుదురు. ఆ ముని ఇల్లాలు అరుంధతి. పెండ్లిలో పురోహితుడు వధూవరులను పందిరి వెలుపలికి గొనిపోయి ఆకాశమున చూపించు నక్షత్ర మామెయే. ఆ మహాపతివ్రత మాతంగకన్య యను కథ తెలుగునాట తరతరములుగా వాడుకలో నున్నది. మాదిగలు తమను అరుంధతీయులని చెప్పుకొనుట అందువలననే. ఈ రాజోలు సీమలోనే, మామిడికుదురున, 1911 సెప్టెంబరు 19న ఒక నిరుపేద దళిత కుటుంబమున జన్మించిన బోయి భీమన్నగారు ఆ కథను చేపట్టి ‘రాగవాసిష్ఠము’ అను నాటకమును వ్రాసిరి. ఆయన కవితామార్గము చాలవరకు ఆ యొక్క నాటకమున బీజరూపమై యున్నదని నా విశ్వాసము.

అస్పృశ్యతను సమర్థించువారు ఏ పురాణమును, ఏ ఋషివాక్యమును ప్రమాణముగా చూపుదురో, ఆ పురాణములోనికే సాధికారముగా ప్రవేశించి, అందలి పాత్రలను, జన్మవృత్తాంతములను, వివాహములను ముందిడి, మీరు చేతులెత్తి మ్రొక్కువారిలో మావారును కలరు, ఈ వాఙ్మయమున మాకును పాలు కలదు అని వాదించుట ఆ మార్గము. ఇందు జాలికై చేయిచాచుట లేదు; దాయభాగము కోరువాని గంభీరస్వరము వినిపించును. గుఱ్ఱం జాషువాగారు 1941లో ‘గబ్బిలము’ను వెలువరించునప్పుడు కాళిదాసుని మేఘసందేశపు పద్ధతిని గైకొని, మేఘమునకు బదులు గబ్బిలమును కాశీనాథుని సన్నిధికి పంపి, పాత కావ్యరూపమున క్రొత్త దుఃఖమును నిలిపిరి. భీమన్నగారు రూపముతో తృప్తిచెందక కథమీది హక్కునే అడిగిరి. జాషువాగారి పద్యమున నున్న మాధుర్యము ఈయన పద్యమున ఎల్లయెడల లేదని ఒప్పుకొనవలసినదే. తర్కబలము మాత్రము ఈయనయందే అధికము.

వచనకవితలో ఆయన చూపిన నేర్పు వేఱు. 1973లో వెలువడి, 1975లో కేంద్ర సాహిత్య అకాడమీ పురస్కారమును తెచ్చిన ‘గుడిసెలు కాలిపోతున్నాయ్’ అను సంపుటమే ఇందులకు సాక్ష్యము. ఎండకాలమున తాటాకుటిండ్ల పేటలో ఒక మూల నిప్పంటుకొన్నచో, గాలికి మంట ఒక కప్పునుండి మరియొక కప్పునకు దూకి, కాలువనుండి నీరు మోసికొని వచ్చులోపలనే వరుసయంతయు బూడిదయగుట కోనసీమ పెద్దలెరిగిన సంగతి. పత్రికలో అది నాలుగు పంక్తుల వార్త. ఆ వార్త చెవిని బడినప్పుడు జనులు అలవాటుగా ననుకొను మాటలనే కవి ముడిసరుకుగా గ్రహించి, కాలినవారిని గూర్చి పుట్టిన ఒక చిన్న సందేహమును మరియొక సందేహమునకు దారితీయించి, ప్రమాదమని తోచినదానివెనుక నున్న సామాజికవ్యవస్థను క్రమక్రమముగా బయటపెట్టెను. శీర్షికలోని వాక్యము మరల మరల వచ్చును. మొదట అది కేవలము వార్త, పిదప సానుభూతి, తుదకు అభియోగము. పదము మారదు, దాని బరువు మారును. ఛందోబద్ధముగ, సమాసభూయిష్ఠముగ వ్రాయ నేర్చిన చేయి ఇచట ఆభరణముల నన్నిటిని తీసివేసి నడివీధి భాషలో పలికినది గావున, అక్షరజ్ఞానము లేనివాడును ఒకసారి విని గ్రహింపగలుగును. ఆయన కృతులలో నాకు దీనికంటె మిన్నయైనది కానరాదు.

కారంచేడు, చుండూరులలో దళితులపై జరిగిన ఘోరముల పిమ్మట, 1985 తరువాతి దశాబ్దమున ఉప్పొంగిన దళితకవిత్వమునకు చెందిన యువకవులు పెక్కురు పురాణములతో తమకు పొత్తు వలదనిరి. అరుంధతిని చూపి గౌరవ మడుగుట రాజీయే యని కొందఱు తలచిరి. రక్తము చూచినవారి ఆగ్రహము న్యాయమైనదే. అయినను భీమన్నగారి గద్యమును పద్యముతో జేర్చి చదివినగాని ఆయనను రాజీపరుడనుట తగదు.

‘జానపదుని జాబులు’ లేఖారూపమున సాగిన రచన. లేఖయగుటచే వాదము ఉపన్యాసముగా మారక, ఒక మనుష్యుడు మరియొక మనుష్యునితో చెప్పుకొను కష్టముగా నిలుచును. స్వాతంత్ర్యమునకు ముందే వ్రాసిన ‘పాలేరు’ నాటకమున, భూస్వామియింట చాకిరి చేయు బాలుడు చదువుకొని అధికారి యగును. రంగస్థలముపై ఆ మార్పును కన్నులార చూచిన కూలివానికి బడి యనునది తన బిడ్డకును అందునదిగా తోచినది. ప్రభుత్వ అనువాదశాఖకు సంచాలకులై, 1973లో పద్మశ్రీని, 2001లో పద్మభూషణమును పొంది, 2005 డిసెంబరు 16న కీర్తిశేషులైన ఈయన, అంబేద్కరు మహాశయుని ‘కులనిర్మూలన’ను తెనిగించిరి. లాహోరు సభకై సిద్ధముచేసిన ఆ ప్రసంగమును నిర్వాహకులు వలదనగా, అంబేద్కరు 1936లో స్వయముగా అచ్చువేయించెను. శాస్త్రముల ప్రామాణ్యము తొలగనిదే కులము తొలగదని అందలి ప్రధానవాదము. పురాణమున తన పాలు కోరిన కవియే, ఆ ప్రామాణ్యమును కూలద్రోయు గ్రంథమును తెలుగువారి చేతిలో బెట్టెను. ఈ రెండు పనులును పరస్పరవిరుద్ధములని కొందఱందురు, నాకట్లు తోపదు. వారసునిగా నిలిచి తన హక్కును నిరూపించుకొన్నవాడు ఆ యాస్తిని త్యజింపుడని పిలిచినప్పుడు, బయటివాని యసూయ యని ఆ మాటను త్రోసిపుచ్చు సాకు ఎవ్వరికిని మిగులదు.