చలనచిత్రప్రతుల నామసమాసము

అంతర్జాలమునఁ జేతులు మాఱు చలనచిత్రప్రతుల పేళ్లు పలువురికి నర్థరహితమగు నక్షరరాశివలెఁ దోఁచును. వ్యాకరణదృష్టితోఁ జూచిన నవి నియతక్రమము గల దీర్ఘసమాసములు. "నైట్.ఆఫ్.ది.లివింగ్.డెడ్.1968.1080పి.బ్లూరే.ఎక్స్264" అనునది యట్టిది. పదములనడుమ నుండవలసిన యెడమును గొన్ని యంత్రములు సహింపకుండుటచే దాని స్థానమున బిందు వాదేశమైనది. మొదట చిత్రనామము, పిదప విడుదలైన వత్సరము, నిలువునఁ గల పంక్తుల సంఖ్య, ప్రతికి మూలమైన ఫలకము, తరువాత సంకోచనసాధనము. వత్సరసంఖ్య వ్యర్థము గాదు. 1990లో నదే పేర వేఱొక చిత్రము వెలువడినది; రొమేరోకృతిని దానినుండి వేఱుపఱచు వ్యావర్తకవిశేషణ మిదియే. పంక్తిసంఖ్య యట్టిది గాదు. కొలత చెప్పినంత మాత్రమున స్ఫుటత్వము సిద్ధింపదు.

పేరు చివరఁ గానవచ్చు "ఏవీఐ", "ఎంకేవీ" యనువానిని గుణబోధకప్రత్యయములుగా నెంచువారు పెక్కండ్రు. అవి పాత్రలు మాత్రమే. 1992లో మైక్రోసాఫ్టువారు వెలువరించిన ఏవీఐ గాని, 2002లో నారంభమై, ఒకదానిలో నొకటి యిముడు రష్యాబొమ్మనుబట్టి పేరు పొందిన మట్రోస్కా గాని, లోనివస్తువును మోయునవే. హెచ్.264 అనునది 2003లో నేర్పడిన శాస్త్రము. ఎక్స్264 ఆ శాస్త్రము ననుసరించి ప్రతిని సిద్ధపఱచు సాధనము. సూత్రమును బ్రయోక్తను నొక్కటిగాఁ గొనరాదు. ప్రతికర్తలలో జాగరూకులు సూక్ష్మభేదములను బాటించిరి. ప్రసారసంస్థ పంపినదానిని మార్పక గ్రహించినచో "వెబ్‌డీఎల్", మరల సంకోచింపఁజేసినచో "వెబ్‌రిప్". ఒరుల ప్రతి దోషయుక్తమైనపుడు దాని స్థానమున నిచ్చునది "ప్రాపర్". తమ దోషమును దామే దిద్దుకొన్నది "రీప్యాక్". తెలుఁగు పరిష్కర్తలు పీఠికలలోఁ బుటలకొలఁది చెప్పుదానిని వీ రొక్కపదమునఁ దేల్చిరి!

ఇంత సూక్ష్మత గల సంప్రదాయమునఁ గర్తృపదము లేదు. సమాసాంతమున నడ్డగీఁత పిదప నిలుచునది ప్రతిచేసిన గణము పేరు. ఆంధ్రకావ్యములలో నాశ్వాసాంతగద్యము కవి పేరును, దండ్రి పేరును నిలుపును. వ్రాయసకాఁడు తన పేరును గ్రంథాంతమున వేఱుగాఁ జెప్పుకొనును. ఇచ్చట వ్రాయసకాఁడు మిగిలి కవి లోపించెను. తావు చాలదను సమాధానము నిలువదు. "ఎక్స్264" పట్టినచోట "రొమేరో" పట్టకపోదు.

పేరునొద్ద జరిగిన యేమఱుపాటు కర్త కెంత హాని చేయునో యీ చిత్రమే సాక్షి. విడుదలకు ముందు దీని పేరు మార్చినపుడు పాతపేరు క్రింద నుండిన స్వామ్యప్రకటనము క్రొత్తపలకపైఁ జేరలేదు. ప్రకటనము తప్పనిసరియైన నాఁటి యమెరికా శాసనముచేఁ జిత్ర మచ్చట సర్వజనసామాన్యమయ్యెను. నేఁ డా దేశమున నెవఁడైనను దానికిఁ బ్రతి యెత్తి, కొసను దన గణము పేరు తగిలింపవచ్చును.