దూకబోయే ముందు

కిక్ బటౌస్కీ కార్టూన్ చూసే పిల్లలు ఎక్కడ ఊపిరి బిగబడతారో గమనించండి. అందులోని సాహసాల పిల్లాడు కిక్ గాల్లోకి లేచినప్పుడు కాదు. గుట్ట అంచున నిలబడి, స్కేట్‌బోర్డు మీద ఒక కాలు మోపి, కిందికి చూస్తాడే, అక్కడ. యానిమేషన్ వాళ్లు దీన్ని యాంటిసిపేషన్ అంటారు. ముందుకు ఉరకాల్సిన బొమ్మ మొదట కాస్త వెనక్కి వంగాలి. డిస్నీలో పండిపోయిన ఫ్రాంక్ థామస్, ఒల్లీ జాన్‌స్టన్ 1981లో పుస్తకంగా రాసిన పన్నెండు సూత్రాల్లో ఇదొకటి. ఏవో గీతలు గీసుకునేవాణ్ని కనుక నా చూపూ అక్కడే ఆగుతుంది. దూకడం ఎవరైనా గీస్తారు. దూకబోవడం గీయాలంటే చెయ్యి తిరిగి ఉండాలి.

శాండ్రో కోర్సారో సృష్టించిన ఈ సిరీస్ 2010 ఫిబ్రవరిలో డిస్నీ ఎక్స్‌డీలో మొదలై 2012 డిసెంబరుకల్లా ముగిసింది. రెండే సీజన్లు. అయినా అప్పటి పిల్లలు మీసాలొచ్చాక కూడా మరిచిపోలేదు.

కిక్ వేసుకునే తెల్ల సూటు, ఎర్ర చారలు చూడగానే ఈవెల్ కనీవెల్ గుర్తొస్తాడు. మోటార్ సైకిల్‌తో ఎగిరే ఆ అమెరికన్ 1967 చివరి రోజున లాస్ వేగాస్‌లో సీజర్స్ ప్యాలెస్ ఫౌంటెన్ల మీంచి దూకి, అవతల ఒళ్లంతా విరగ్గొట్టుకున్నాడు. 1974లో స్నేక్ నది లోయనూ దాటలేకపోయాడు. చిత్రమేమిటంటే, గెలిచిన దూకుళ్లకన్నా ఈ పడిపోవడాలే అతని పేరును ఇంటింటికీ చేర్చాయి. కార్టూన్ ఆ కిటుకు పట్టుకుంది. కిక్ పడతాడు, బాగా పడతాడు, దుమ్ము దులుపుకుని మళ్లీ ఎక్కుతాడు. (పిల్లలు చూసి నేర్చుకుంటారని బెంగపడే అమ్మానాన్నలకు ఒక ఊరట: హెల్మెట్ లేని కిక్ కనబడటం అరుదు.)

మన హైదరాబాద్‌లో తయారైన ఛోటా భీమ్‌కు కష్టమొస్తే లడ్డూ ఉంది. కిక్‌కు అలాంటిదేమీ లేదు. పొట్టివాడు. ఉండేది మెలోబ్రూక్ అనే చప్పటి శివారు. ఇంట్లో ఏడిపించే అన్న బ్రాడ్, బళ్లో ఒంటికాలి మీద లేచే కెండల్. రాక్షసులు లేని చోట వాడు సాహసాన్ని వీధి వాలులో వెతుక్కుంటాడు. ఏ ఊరి పిల్లలకైనా అలాంటి వాలు ఒకటి దొరుకుతుంది కదా.

కానీ నా ఓటు కిక్ స్నేహితుడు గుంథర్‌కే. భారీ మనిషి, భయస్తుడు, ప్రతి పిచ్చిపనికీ కిక్ వెంటే ఉంటాడు. వాడి ముఖంలో భయమూ నమ్మకమూ ఒకేసారి కనబడాలి. ఎన్ని కాగితాలు చింపినా ఆ ముఖం నాకింకా కుదర్లేదు.