కన్నాంబ వాచికాభినయము

వాచికము నాట్యమునకు శరీరమని భరతుని మతము. దీనికి లక్ష్యముగాఁ జూపఁదగినది పసుపులేటి కన్నాంబ నటనము. రంగస్థలమునఁ బేరువడసి, యామె 1935లో ‘హరిశ్చంద్ర’ చిత్రమునఁ జంద్రమతియై తెరపైఁ గానవచ్చెను. 1942లో ‘కణ్ణగి’ యను తమిళచిత్రమున, ఇళంగోవను రచించిన ప్రౌఢసంభాషణములను, మాతృభాష తెలుఁగైనను, పదవిభాగము చెడకుండఁ బలికి తమిళుల మెప్పు వడసెను.

1947లో వెలువడిన ‘పల్నాటియుద్ధము’న నామె నాయకురాలు నాగమ్మ. గూడవల్లి రామబ్రహ్మము మొదలిడి 1946లో గతింపఁగా ఎల్. వి. ప్రసాదు ముగించిన చిత్ర మది. నూజెండ్ల మొదలు కారెమపూడి దాఁకఁ బలనాటివారు నాగమ్మను గలహమూలముగాఁ దలఁచుట వాడుక. దుష్టపాత్రమును గేకలతోఁ బోషించుట సులభము. కన్నాంబ గాంభీర్యముతోఁ బోషించెను. అందుచేఁ బ్రేక్షకులకు గయ్యాళి గాక, రాజ్యతంత్ర మెఱిఁగిన మంత్రిణి గోచరించును. వీరగాథ తీర్పును బునర్విమర్శింపఁజేయుట యీ నటనమునకుఁ బరమప్రయోజనము.

ఒక్కలోపము గలదు. దూరమున నున్నవారికి వినఁబడుటకై రంగస్థలమున నలవడిన దీర్ఘోచ్చారణము తెరపై నొక్కొకచో నతిమాత్రమగును. అయినను, పాత్రౌచిత్యమును బలుకునఁ జూపఁగోరు నటులకు, 1964లో గతించిన యీమె నాగమ్మ నేఁటికిని లక్ష్యమే.