సిత్తి నుర్బాయ: గ్రంథార్థమును లోకరూఢియు

ఇండొనీషియా నవలలలో "సిత్తి నుర్బాయ" మిగులఁ బ్రసిద్ధమైనది. పశ్చిమ సుమత్రాలోని పదాంగ్ నగరమునఁ బుట్టిన మారా రుస్లి దీనిని రచియింపఁగా, 1922వ సంవత్సరమున బతావియాలోని, అనఁగా నేఁటి జకార్తాలోని, బలై పుస్తక యను డచ్చి ప్రభుత్వ ప్రచురణసంస్థ ప్రకటించెను. నూఱేండ్లు గడచినను నాయికపేరు జనుల నోట నిలిచియున్నది. పెద్దలు తమ యిష్టమునఁ బెండ్లి కుదుర్పఁబోయినచో నచటి యువజనులు "ఇది సిత్తి నుర్బాయ కాలము కాదు" అందురు. 1995లో దేవా 19 అను గాయకబృందము "సిత్తి నుర్బాయ యిఁకఁ జాలు" నను నర్థము గల పేరితో నొక పాట వెలువరించెను. ఆచారమూఢులగు పెద్దలు కన్యను బలిచేసిరనియు, నా కాలము గతించెననియు నీ లోకోక్తికిఁ దాత్పర్యము. గ్రంథమున కీ తాత్పర్యము పొసఁగునా యనునది విచార్యము.

కథ యిది. నుర్బాయయు సంసుల్‌బహ్రియుఁ బరస్పరానురక్తులు. అతఁడు చదువునకై బతావియా కేఁగును. దాతుక్ మెరింగిః యను ధనికుఁడు మత్సరముచే నుర్బాయ తండ్రియగు బాగిందా సులైమాను వర్తకమును రహస్యముగా నాశము చేయించును. సులైమాను వానియొద్దనే ఋణము గొని తీర్పఁజాలఁడు. సొత్తులైన నీయవలయును, లేదా కూఁతునైన నీయవలయునని ఋణదాత పట్టుపట్టును. తండ్రి కూఁతును నిర్బంధింపఁడు. చెఱసాలకుఁ బోవ సిద్ధపడును. అధికారులు తండ్రిని గొనిపోవచుండఁగాఁ జూడలేక నుర్బాయయే పెండ్లి కంగీకరించును.

కావున నీ వివాహమునకు హేతువు ఋణము, ఆచారము కాదు. మినంగ్‌కబవు జాతివారి యాచారమున వంశము తల్లినిబట్టి సాగును, మేనమామకు మేనయల్లుర విషయమున నధికారము గలదు. నుర్బాయ పెండ్లిని నిర్ణయించినది యట్టి యధికార మేదియుఁ గాదు.

ఆచారవివాద మీ గ్రంథమున లేనే లేదా యనిన, కలదు. అది వేఱొకచోటఁ గలదు. సంసుల్‌బహ్రి తండ్రియగు సుతాన్ మహమూదు సోదరి సంతానమును విడిచి తన కుమారుని చదువునకై ధనము వెచ్చించుచున్నాఁడని యతని సోదరి రుబియా యాక్షేపించును. ఇచట నాచారమును మీఱినవాఁడు పెద్దవాఁడే. మార్పు యువకులతోడనే పుట్టెనను మాట దీనిచే ఖండితమగుచున్నది.

కథాంతమును జూచినను యువకుఁడు ధర్మమూర్తి, వృద్ధుఁ డధర్మమూర్తి యను విభాగము నిలువదు. సంసుల్‌బహ్రి డచ్చి సైన్యమునఁ జేరి, పన్నునకెదురు తిరిగిన స్వజనులపైకి వచ్చును. మెరింగిః తిరుగుబాటుపక్షమున నుండును. ఇరువురును హతులగుదురు.

రూఢి యోగమును మ్రింగునని శాబ్దికు లందురు. ఇచటను నట్లే జరిగినది: నుర్బాయ యను పేరు నిర్బంధవివాహమునకు రూఢి కాఁగా, నా నిర్బంధమునకు మూలమైన ధనము మఱుఁగుపడినది.

ఇది కేవలము పాండిత్యచర్చ గాదు. 1974 నాఁటి వివాహశాసనము కన్యకుఁ బదునాఱేండ్లు చాలునని విధింపఁగా, 2019లో దానిని సవరించి వధూవరుల కిరువురకును బందొమ్మిదేండ్లు విధించిరి. అయినను దలిదండ్రులు న్యాయస్థానమును వేఁడి మినహాయింపు పొందుటకు మార్గమున్నది. పేదఱికము వెనుకనుండి త్రోయఁగా నా మార్గమునఁ బోవు కన్యకును నుర్బాయకును భేదము స్వల్పము. దోషమంతయుఁ బూర్వాచారముపై మోపి "ఆ కాలము పోయిన"దను యువకునికి ఋణపత్రము చేతఁబట్టిన మెరింగిః కనఁబడఁడు.

లోకోక్తిని విడువనక్కఱలేదు. దానిని బలుకువారు గ్రంథమును మరల నొకమాఱు చదివి, పోయినది కాలమా, ఋణమా యని తెలిసికొనినఁ జాలును.