ఒక పూట కిమోనో

క్యోటో నగరపు తూర్పు కొండల అంచున, కియోమిజు ఆలయానికి ఎక్కే వాలువీధులలో వసంతకాలపు మధ్యాహ్నం కిమోనో ధరించినవారు ఎక్కువగా కనిపిస్తారు. పరిశీలనగా చూస్తే వారిలో చాలామంది యాత్రికులేనని, ఆ ఉడుపులు అద్దెకు తెచ్చుకొన్నవని బోధపడుతుంది. ఉదయం దుకాణంలో ఒక ఉడుపును ఎంచుకొని, అక్కడి స్త్రీల చేత కట్టించుకొని, సాయంకాలం దుకాణం మూసే వేళకు దానిని తిరిగి అప్పగించవలసి ఉంటుంది. అదే నగరంలో బట్టపై రంగులద్దే పనిని, మగ్గంపై నేతను, మైనపు అద్దకాన్ని యాత్రికుల చేత గంటో రెండు గంటలో చేయించే కార్యశాలలు కూడ ఉన్నాయి. ఈ రెండు రకాలకూ జపానువారు వాడే మాట ‘తాయ్‌కెన్’. దానిని వ్రాసే రెండు సంజ్ఞలలో మొదటిది దేహాన్ని, రెండవది పరీక్షను సూచిస్తుంది. దేహంతో పరీక్షించి తెలుసుకొన్నదే అనుభవమన్న భావం ఆ పదనిర్మాణంలోనే ఉన్నది.

ఈ కార్యశాలలపై వెలువడే రచనలు సాధారణంగా రెండు దారులు తొక్కుతాయి. ఒకటి వీటిని దేశాల మధ్య స్నేహవారధులుగా కీర్తిస్తుంది. రెండవది పగటివేషాలుగా కొట్టివేస్తుంది. ఇద్దరూ యాత్రికుడి ముఖాన్నే చూస్తున్నారు. బట్టను, దానిని చేసిన చేతిని చూచి తీర్పు చెప్పినవారు అరుదు. ఆ చేతికి తెలిసినదానిలో ఎంత భాగం కార్యశాలలో కూర్చున్నవాడికి నిజంగా అందుతున్నది, దానివల్ల ఆ పనికి ఏమి మిగులుతున్నది అన్న ప్రశ్నలతోనే ఈ ప్రక్రియను పరిశీలించవలసి ఉన్నది.

కిమోనో అనగా ‘ఒంటికి వేసుకొనేది’ అని మాత్రమే అర్థం. దానికి కావలసిన తాను సుమారు 12 మీటర్ల పొడవు, 36 నుంచి 38 సెంటీమీటర్ల వెడల్పు ఉంటుంది. దానిని దాదాపు పూర్తిగా నేరుకోతలతోనే ముక్కలు చేస్తారు. దేహభాగానికి రెండు, చేతులకు రెండు, ముందువైపు అతుకులకు రెండు, మెడపట్టీకి ఒకటి, దానిపై మరొకటి, వెరసి ఎనిమిది ముక్కలు. పూర్వం ఉతికేటప్పుడు కుట్లన్నీ విప్పి, ముక్కలను మళ్ళీ తానుగా జతచేసి, ఉతికి, వెదురు పుల్లలతో సాగదీసి ఆరబెట్టి తిరిగి కుట్టేవారు. తల్లి కిమోనో కూతురి కొలతకు మారడానికి అందువల్లనే వీలయ్యేది. ఒంటి వంపులను అనుసరించి కోత లేదు కనుక దర్జీ చేయవలసిన పనిలో సగం ధరించే వేళ జరుగుతుంది. పొడవు ఎక్కువైన బట్టను నడుము వద్ద మడచి తాడుతో బిగించాలి. మెడ వెనుక కొంత ఖాళీ విడవాలి. ఎడమ అంచును కుడి అంచు మీదికి తేవాలి. కుడి అంచు పైకి వస్తే అది శవానికి కట్టిన పద్ధతి అవుతుంది. చీర కట్టే దేశంలోని పాఠకులకు దీనిని విస్తరించి చెప్పనక్కరలేదు. కుట్టని బట్టకు ఆకారం ఇచ్చేది కట్టేనని వారెరుగుదురు.

అద్దె దుకాణంలో ఈ కట్టు నేర్పే యాత్రికుడి చేతికి అందదు. అతడు చేతులు చాచి నిలబడితే చాలు. అలవాటుపడినవారు కొద్ది నిమిషాలలో పని ముగిస్తారు. బట్ట చాలాచోట్ల పాలియెస్టర్. నడుముకు చుట్టే ‘ఓబి’ వెనుక ముడి కొన్నిచోట్ల ముందే కట్టి సిద్ధంగా ఉంటుంది, దానిని తగిలిస్తారు. ఇందులో మోసమేమీ లేదు. దుకాణదారు తాను పట్టుచీనాంబరం ఇస్తున్నానని చెప్పడు. కాని దేహం పరీక్షకు నిలిచిన క్షణం ఒక్కటీ ఇందులో లేదు. అద్దంలో కనిపించినది ఫలితం మాత్రమే. అదే నగరంలో కొందరు ఉపాధ్యాయినులు వేసవిలో ధరించే నూలు ‘యుకాతా’ను ఎవరికి వారే కట్టుకొనేలా నేర్పుతారు. రెండు మూడుసార్లు జారిపోయి, మడత వంకరపోయి, చివరకు ఎలాగో నిలిచిన ఆ చవక నూలుబట్ట, ఇతరులు కట్టిన అందమైన ఉడుపుకన్న ఎక్కువ చెబుతుంది.

ఈ విషయంలో యాత్రికుడిని మాత్రమే అజ్ఞానిగా ఎంచడం కూడ న్యాయం కాదు. ఇది జపానువారి చరిత్రే చెబుతున్నది. యుద్ధానంతర కాలంలో నిత్యజీవితం పాశ్చాత్య దుస్తులకు మారిన పిమ్మట, కిమోనో కట్టుకొనడం తల్లి వద్ద సహజంగా అబ్బే విద్యగా నిలువలేదు. యమనాకా నొరియో 1964లో స్థాపించిన సోదో కిమోనో విద్యాసంస్థ, దాని వెంట వెలసిన మరికొన్ని పాఠశాలలు జపాను స్త్రీలకే రుసుము తీసికొని ఈ విద్యను నేర్పినవి. ఇరవయ్యేళ్ళ ప్రాయంలో జరిపే వేడుకకు పొడుగుచేతుల ‘ఫురిసోదె’ ధరించే యువతులలో అనేకులు నేడు దానిని అద్దెకే తెస్తున్నారు, ఇతరుల చేతనే కట్టించుకొంటున్నారు. స్థానికురాలు, పరదేశి అన్న గీత మనం ఊహించుకొన్నచోట లేదు.

2015లో అమెరికాలోని బోస్టన్ లలితకళా ప్రదర్శనశాలలో జరిగిన వివాదాన్ని ఈ వెలుగులోనే చూడాలి. క్లోద్ మోనే 1876లో చిత్రించిన, ఎర్రని జపాను ఉడుపు ధరించిన స్త్రీ చిత్రం ముందు, ఆ ఉడుపు నకలును సందర్శకులు వేసుకొని ఫోటో తీయించుకొనే ఏర్పాటు జరిగింది. పరసంస్కృతిని ఆటవస్తువు చేశారని కొందరు నిరసన తెలిపారు. ప్రదర్శనశాల వేసుకొనడం మాన్పించి, తాకి చూసే వీలు మాత్రం మిగిల్చింది. ఆ నకళ్ళు జపానులో తయారై, అక్కడి ప్రదర్శనలలో అక్కడివారు వేసుకొన్నవే కనుక దొంగతనమన్న ఆరోపణ బలహీనం. కాని ప్రదర్శనశాల ఇచ్చినదేమిటి? ఒక భంగిమ. చేతికి ఏ పనీ ఇవ్వని వస్త్రం వేషంగా మారక తప్పదు. అది బోస్టన్ అయినా సరే, క్యోటో అయినా సరే.

ఇక చేతిపని కార్యశాలలు. వీటిలో ఎక్కువ ప్రసిద్ధి ‘యూజెన్’ అద్దకానిది. 17వ శతాబ్ది చివర క్యోటోలో విసనకర్రలపై బొమ్మలు వేసిన మియాజాకి యూజెన్‌సాయ్ పేర వెలసిన పద్ధతి ఇది. నీటితో పోయే నీలిపూల రసంతో మొదట రేఖలు గీస్తారు. జిగురుబియ్యపు ముద్దను కాగితపు గొట్టం చివరనుండి దారమంత సన్నగా పిండుతూ ఆ రేఖల మీద గట్టు కడతారు. ఆ గట్టు రంగును హద్దు దాటనీయదు. లోపలి భాగాలకు కుంచెతో రంగులు వేసి, వాటిని ముద్దతో కప్పి, నేలరంగు పూసి, ఆవిరిపట్టి, కడుగుతారు. ముద్ద పోయినచోట సన్నని తెల్లగీత మిగులుతుంది. యూజెన్ అందమంతా ఆ గీతలో ఉన్నది. రేఖలు గీసేవారు, ముద్ద పిండేవారు, రంగు వేసేవారు, ఆవిరిపట్టేవారు వేర్వేరు మనుషులు. వీరందరి మధ్య బట్టను త్రిప్పి పని నడిపే మధ్యవర్తి ఒకడుంటాడు.

యాత్రికుడికి దొరికేది ఇందులో ఏది? చాలా కార్యశాలలలో అతడి ముందు ఒక చేతిరుమాలు, ముందే కోసి ఉంచిన కాగితపు అచ్చు, గుండ్రని పొట్టికుంచె ఉంటాయి. అచ్చులోని ఖాళీలలో కుంచెను మెల్లగా అద్దుతూ పోతే పువ్వు తయారవుతుంది. అచ్చుతో యూజెన్ చేయడం నకిలీ కాదు. మెయిజీ కాలంలో (1868–1912) హిరోసె జిసుకె కృత్రిమ రంగులను ముద్దలో కలిపి అచ్చుతో అద్దే పద్ధతిని రూపొందించాడు. యూజెన్ సామాన్యులకు అందినది దానివల్లనే. కాని అచ్చును కోసినవాడి కత్తి, ముద్ద పిండినవాడి ఊపిరిబిగువు రెండూ ఈ బల్ల మీదికి రావు. కొన్నిచోట్ల మాత్రం ఒకే పువ్వుకు నాలుగైదు అచ్చులు వరుసగా వేయిస్తారు. రెండవ అచ్చు మొదటిదానితో వెంట్రుకవాసి కుదరకపోతే రేకు అంచు చెదరుతుంది. పక్కన నిలిచిన గురువు దానిని సరిచేయకుండా వదిలిపెట్టినప్పుడే ఆ కార్యశాల తన పేరుకు తగినట్లు నడిచిందని చెప్పవచ్చు. దురదృష్టవశాత్తు అతిథి సంతృప్తి అన్న సూత్రం దీనికి అడ్డువస్తున్నది. ఎవరు చేసినా చెడని రుమాలు దుకాణానికి మేలు, అనుభవానికి కాదు.

నిషిజిన్ నేతపేటను గురించి ఇక్కడ క్లుప్తంగా చెప్పుకొంటే చాలు. 1872లో ఈ పేట నుండి ముగ్గురు నేతగాండ్రు ఫ్రాన్సులోని లియాన్ నగరానికి వెళ్ళి జకార్డు మగ్గపు పని నేర్చుకొన్నారు. వారిలో ఒకడు తిరుగు ప్రయాణంలో ఓడ మునిగి మరణించాడు. పరదేశపు పనిని చేతితో నేర్చుకొనడానికి చెల్లించిన మూల్యం అది. నేడు అక్కడి వస్త్రభవనంలో చిన్నమగ్గం ముందు కూర్చొని బల్లగుడ్డ నేసే యాత్రికుడికి ఆ సంగతి ఒక్క వాక్యంలోనైనా చెబితే బాగుండును.

జపాను ప్రభుత్వం 1974లో చేసిన సంప్రదాయ హస్తకళల చట్టం ఈ చర్చకు కీలకమైనది. గుర్తింపు పొందాలంటే వస్తువు ప్రధానంగా నిత్యజీవితంలో వాడేదై ఉండాలని, తయారీలో ముఖ్యమైన దశలు చేతిపనిగా సాగాలని, పద్ధతి, ముడిపదార్థం సంప్రదాయసిద్ధమైనవి కావాలని ఆ చట్టం నిర్దేశించింది. వాడుకను మొదటి షరతుగా ఉంచిన శాసనకర్తల వివేకం మెచ్చదగినది. కాని కిమోనో విషయంలో కాలం ఆ షరతును క్రమంగా బోలు చేసింది. రోజూ వేసుకొనేవారు తగ్గినప్పుడు, అద్దెకు తెచ్చుకొన్న యాత్రికుడి మధ్యాహ్నమే నిత్యజీవితానికి ప్రతినిధిగా నిలబడుతున్నది. చట్టం ఊహించని పాత్ర ఇది.

జపానులో విదేశీవస్త్రాన్ని చేతితో అనుకరించి నేర్చుకొన్న చరిత్రలో తెలుగుతీరానికి కూడ భాగమున్నది. 17వ శతాబ్ది నుండి డచ్చి ఓడలు మచిలీపట్నం మొదలైన కోరమండల్ రేవుల అద్దకపు బట్టలను జపానుకు చేర్చినవి. అక్కడ వాటిని ‘సరాసా’ అన్నారు. తేనీటి విధికి సంబంధించిన పాత్రల సంచులకు, చుట్టుబట్టలకు చిన్న ముక్కలను సైతం అపురూపంగా వాడుకొన్నారు. 1778లో సరాసా నమూనాలను, అద్దే విధానాలను వివరించే పుస్తకం కూడ వెలువడింది. మన కలంకారీ పనివారికి తెలిసిన పటిక, కరక్కాయ, చిరివేరు రంగుల రహస్యం పూర్తిగా అందని ఆ దేశపు అద్దకగాండ్రు, తమకు అలవాటైన కాగితపు అచ్చులతో తమదైన సరాసాను సృష్టించుకొన్నారు. అందులో తప్పులున్నవి. ఆ తప్పుల వెంట తరాల శ్రమ ఉన్నది కనుకనే అది మరొక కళ అయినది. యాత్రికుడి రుమాలుకు ఆ గౌరవం ఇవ్వనక్కరలేదు. కాని బట్ట పరదేశపు చేతికి చిక్కినంతనే చెడిపోతుందన్న భయమూ అక్కరలేదు.

యాత్రికుడికీ అద్దకానికీ గల సంబంధాన్ని నేటి వింతగా భావించేవారు నగోయా నగరపు శివారులోని అరిమత్సును చూడాలి. ఎదో నగరాన్ని క్యోటోతో కలిపే తోకైదో రహదారి పక్కన 1608లో వెలసిన ఊరు అది. సాగుకు తగిన భూమి తక్కువ. ఆ ఊరిలో స్థిరపడిన తకెదా షోకురో, నగోయా కోట నిర్మాణానికి క్యూషూ నుండి వచ్చినవారి వద్ద ముడికట్టి అద్దిన బట్టలను చూచి ఈ పని ఆరంభించాడని సంప్రదాయ కథనం. దారినపోయేవారు కొనుక్కొనే చేతిగుడ్డలే మొదటి సరకు. హిరోషిగె చిత్రించిన తోకైదో మజిలీల వరుసలో నరుమి మజిలీ బొమ్మలో ఈ బట్టల దుకాణాలే కనిపిస్తాయి. అంటే ఇది బాటసారి కోసమే పుట్టిన కళ. అతడు దీనికి చుట్టం. ‘షిబోరి’ అని పిలిచే ఈ ముడి అద్దకంలో నూరుకు మించిన కట్టురీతులు ఉన్నాయి. సాలెగూడు, జింకమచ్చ వంటి పేర్లు వాటివి. ఒక్కొక్క పనివారు సాధారణంగా ఒక్క రీతినే జీవితమంతా సాధన చేసేవారు. గుజరాతు బాంధనీని ఎరిగిన మనకు ఇది పరాయి లోకం కాదు. అంతర్జాతీయ షిబోరి సదస్సు 1992లో నగోయాలో, తరువాత 1997లో అహమ్మదాబాదులో జరగడం ఈ బంధుత్వానికి తగినదే.

అరిమత్సు వస్త్రభవనంలో కార్యశాలకు వచ్చినవారు తెల్లని నూలుగుడ్డపై గుర్తులను అనుసరించి బట్టను చిటికెడు చిటికెడుగా పట్టి దారం చుడతారు. ముందు తేలికగానే తోస్తుంది. పదవ ముడికి వేళ్ళు నొప్పి పెడతాయి. దారం వదులైతే రంగు లోపలికి చొరబడి మచ్చ మసకబారుతుంది. మరీ బిగిస్తే తెగుతుంది. వదులు ఎంతో కట్టినవాడికి అప్పుడు తెలియదు. ముడివేసిన గుడ్డను అక్కడే ఇచ్చి వెళ్ళవలసి ఉంటుంది. అద్దేవారు అద్ది, తరువాత కొన్ని వారాలకు టపాలో పంపుతారు. యాత్రికుడు ఇంటికి చేరి, ప్రయాణం మరచిపోయే వేళకు, తన వేళ్ళ బలహీనత నీలిరంగులో తన ముందు తెరచుకొంటుంది. కార్యశాల పద్ధతులలో ఇంతకన్న నిజాయితీ గలది కనబడదు. దీనిని రూపొందించినవారికి విమర్శకుల సిద్ధాంతాలతో పనిలేదు. అద్దకపు తొట్టికి కావలసిన సమయాన్ని వారు తగ్గించలేదు, అంతే.

మన దేశంలో కూడ ఇటువంటి ప్రయత్నాలు పెరుగుతున్నవి. 2021లో ప్రపంచ పర్యాటక సంస్థ గుర్తింపు పొందిన భూదాన్ పోచంపల్లికి మగ్గాలు చూడవచ్చేవారు అనేకులు. జపాను ‘కసూరి’, పోచంపల్లి ఇక్కత్ రెండూ నూలును కట్టి అద్ది నేసేవే. అక్కడ ఏ పనిని అతిథి చేతికి ఇవ్వాలన్నది నిర్ణయించవలసిన అధికారులు క్యోటో రుమాలును, అరిమత్సు గుడ్డను పక్కపక్కన పెట్టి చూడడం మంచిది. నాడె ఒకసారి విసిరించి ఫోటో తీయడం సులభం. చిటికి కట్టు ఒక గంట కట్టించడం కష్టం. వచ్చేవారు తగ్గవచ్చును కూడ. పైగా అతిథులకు చూపడంలో దినమంతా గడిపే నేతగాడికి ఆ దినం మగ్గంపై ఎంత బట్ట తగ్గినదో లెక్కవేసి రుసుము నిర్ణయించకపోతే, కార్యశాల ఆ కళకు చేసిన సాయం కన్న చేసిన హాని ఎక్కువ కావచ్చును.

అరిమత్సులో కూడ ఈ లెక్క పూర్తిగా తేలలేదు. 20వ శతాబ్ది ద్వితీయార్ధంలో కూలి పెరిగి, కట్టుపనిలో చాలాభాగం మొదట కొరియాకు, తరువాత చైనాకు తరలింది. జీవితమంతా ఒకే రీతి సాధన చేసిన స్త్రీలు వృద్ధులయ్యారు. వారి తరువాత ఆ రీతిని పట్టినవారు తక్కువ. వస్త్రభవనపు బల్ల ముందు ఇప్పుడు అతిథికి దారం పట్టుకొనే తీరు చూపుతున్న చేతులలో కొన్ని ఆ వృద్ధస్త్రీలవే. ఎదుట కూర్చొని గంటసేపు తడబడేవాడు మరునాడు వెళ్ళిపోతాడని వారికి తెలుసు. అయినా అతడు వేసిన వదులుముడిని విప్పించి, మళ్ళీ మొదటినుంచి కట్టిస్తారు.