కొండ మీది కెమెరా ఎవరిది?

తెలుగు టీవీ మీద రాసేవాళ్ళం సీరియళ్ళు, న్యూస్ డిబేట్లు దాటి పెద్దగా చూడం. తిరుపతి నుంచి వచ్చే శ్రీ వేంకటేశ్వర భక్తి ఛానెల్‌ని అవ్వాతాతల ఖాతాలో వేసేసి రిమోట్ నొక్కేస్తాం. నాకు మాత్రం అందులో మధ్యాహ్నం వచ్చే కల్యాణోత్సవం లైవ్, తెలుగులో మిగిలిన కొద్దిపాటి నెమ్మదైన టెలివిజన్. వ్యాఖ్యానం ఉంటుంది, అరుపు ఉండదు. అర్చకుడి చేతుల వేగమే కట్ల వేగం. కెమెరా గర్భగుడిలోకి పోదు, బయటే ఆగుతుంది. ఆ ఆగడంలో ఒక మర్యాద ఉంది.

2020 మార్చిలో కోవిడ్ వల్ల తిరుమలలో దర్శనాలు ఆపేశారు, మళ్ళీ మొదలైంది జూన్‌లో. ఆ సెప్టెంబర్ బ్రహ్మోత్సవాలు మాడవీధుల్లో కాకుండా గుడి లోపలే ఏకాంతంగా జరిగాయి. గరుడసేవ రోజు కొండ మీద కాలు పెట్టే చోటుండదని తెలిసిన చిత్తూరు జిల్లా జనం ఆ ఏడు వాహనసేవల్ని టీవీలోనే చూశారు.

ఇప్పుడు రూల్సు సంగతి. ఈ ఛానెల్ 2008 జులైలో మొదలైంది. అదే ఏడాది చివర్లో ట్రాయ్, రాష్ట్ర ప్రభుత్వాలూ, పార్టీలూ, మతసంస్థలూ ప్రసార రంగంలోకి రాకూడదని సిఫారసు చేసింది. భక్తి కార్యక్రమాలు వేయొచ్చు, ఛానెల్ మాత్రం వాళ్ళ చేతిలో ఉండకూడదని దాని వాదన. 2012లో మళ్ళీ అదే మాట. సిఫారసు కాగితం మీదే ఉంది. ఛానెల్ 2017లో తమిళంలోకీ, 2021లో కన్నడ, హిందీల్లోకీ పెరిగింది. 2022 అక్టోబర్‌లో కేంద్రం, ప్రభుత్వాలు సొంతంగా ఛానెళ్ళు నడపొద్దు, ఉన్నవి ప్రసార భారతి ద్వారా రావాలి అంది. అందులో మతసంస్థల ఊసు లేదు.

మా సాఫ్ట్‌వేర్ వాళ్ళు దీన్ని ఎడ్జ్ కేస్ అంటారు. టీటీడీ మతసంస్థ. దాని పాలకమండలిని 1987 దేవాదాయ చట్టం కింద నియమించేది రాష్ట్ర ప్రభుత్వం. రెండు కండిషన్లూ ట్రూ అయినా ఏ రూలూ తగలదు! 2019లో ప్రభుత్వం మారగానే ఛానెల్ ఛైర్మన్‌గా ఉన్న కె. రాఘవేంద్రరావు రాజీనామా చేశారు, గెలిచిన పార్టీకి ప్రచారం చేసిన నటుడు పృథ్వీరాజ్ వచ్చారు. సినిమావాళ్ళు రావడం తప్పు కాదు. ఓట్ల లెక్కతో పాటు కుర్చీ కూడా మారడమే ఇబ్బంది.

పక్కన ప్రైవేటు ఛానెళ్ళని చూడండి. 2014లో తెలంగాణలో టీవీ9, ఏబీఎన్ కేబుల్ నుంచి మాయమయ్యాయి. 2024 జూన్‌లో ఆంధ్రలో ప్రభుత్వం మారాక టీవీ9 మళ్ళీ మాయమైతే, 15 మంది కేబుల్ ఆపరేటర్లని పునరుద్ధరించమని ఢిల్లీ హైకోర్టు చెప్పాల్సొచ్చింది. భక్తి ఛానెల్‌కి ఆ భయం లేదు. ఎవరు గెలిచినా అది వాళ్ళదే కదా. గదుల గురించో క్యూల గురించో దేవస్థానాన్ని గట్టిగా నిలదీసిన కార్యక్రమం కూడా అందులో నా కంట పడలేదు.

ట్రాయ్ భయం నిజమే, మందే తప్పు. 2020లో ఇంత పని చేసినదాన్ని మూసెయ్యమనడం కుదరదు. 1990 ప్రసార భారతి చట్టంలో ఛైర్మన్‌కి నిర్ణీత కాలం ఉంది, దుష్ప్రవర్తన పేరుతో తీసెయ్యాలంటే సుప్రీంకోర్టు విచారణ కావాలి. దూరదర్శన్ ఏం వెలిగిపోయిందని అడుగుతారు, సరే. కనీసం ఆ ఒక్క సెక్షన్ అయినా కొండెక్కించొచ్చు.